దొరగారి గాత్రదానం

జెర్సీ సిటీలో మా పక్క అపార్ట్‌మెంటులో ఒక నటుడు ఉండేవాడు. చెక్ దేశస్థుడు. డెబ్భై దాటినా నిటారుగా, గడకర్రలా ఉండేవాడు. ఆయన కూతురూ నేనూ పొద్దున్నే ఒకే రైల్లో మన్‌హాటన్ వెళ్ళేవాళ్ళం. మా నాన్న మా దేశంలో సినిమాల్లో, టీవీలో పెద్ద నటుడు అని ఆ అమ్మాయి ఒకరోజు చెప్పింది. తండ్రుల విషయంలో కూతుళ్ళు చెప్పే మాటలకి నేను ఎప్పుడూ కొంత తరుగు వేసుకుంటాను. ఈసారి వేసుకున్నది చాలలేదు.

ఒక ఆదివారం కాఫీకి పిలిచి ఆయన తన సినిమాలు చూపించాడు. మొదటిదానిలో పొడుగు కోటు వేసుకుని తలుపు తన్ని లోపలికొచ్చి ఒక్క మాట అరిచాడు. కిటికీలోంచి ఎవరో కాల్చారు. పడిపోయాడు. రెండో సినిమాలో తలుపు ముందే తెరిచి ఉంది కాబట్టి తన్నే అవకాశం రాలేదు. అరిచాడు, పడిపోయాడు. మూడోదానిలో మోటారుసైకిలు మీద వచ్చాడు. ఇదేదో ఎదుగుదల అనుకుంటుండగా వంతెన పేలింది.

"ఏమని అరుస్తున్నారు?" అని అడిగాను.

"కాగితాలు చూపించు, అని."

"మూడింటిలోనూ అదేనా?"

"మూడోదానిలో 'త్వరగా' అని కూడా ఉంది" అన్నాడు. కొంచెం నొచ్చుకున్నట్టే అనిపించింది.

మేమిద్దరం మాట్లాడుకునేది ఇంగ్లీషులోనే. నాది ఆఫీసు ఇంగ్లీషు, ఆయనది టీవీ చూసి నేర్చుకున్న ఇంగ్లీషు. ఆయన చెప్పినదాని సారాంశం ఇది. మనవాళ్ళు పౌరాణికాలు తీసినట్టు వాళ్ళ దేశంలో ఏళ్ళ తరబడి యుద్ధం సినిమాలు తీశారు. మనకి రాక్షసుడు ఎంత ముఖ్యమో వాళ్ళకి జర్మన్ ఆఫీసరు అంత ముఖ్యం. ఆ పొడుగూ, ఆ దవడా, ఆ నీలికళ్ళూ చూసి ఇరవయ్యో ఏట ఆయనకి ఆ కోటు తొడిగారు. మళ్ళీ విప్పలేదు. టీవీ వచ్చాక ఒక సీరియల్లో పెద్ద పాత్ర దొరికింది. కాలు విరిగి ఆసుపత్రి మంచం మీద పడుకున్న జర్మన్ టూరిస్టు. మూడు నెలలు పడుకున్నాడు. ఆ తర్వాత సాసేజీల ప్రకటన. అందులోనూ జర్మనే.

అన్నింటిలోనూ ఆయన చెక్ భాషే మాట్లాడాలి. కాని జర్మన్ వాడు మాట్లాడినట్టు, ఒత్తులూ విభక్తులూ విరగ్గొట్టి మాట్లాడాలి. సరిగ్గా మాట్లాడితే దర్శకుడు కట్ చెప్పేవాడట. కొన్ని సినిమాల్లో ఆ విరగ్గొట్టడం కూడా చాల్లేదని వేరేవాడి చేత డబ్బింగ్ చెప్పించారు. అంటే మాతృభాషని ముప్ఫై ఏళ్ళు తప్పుగా మాట్లాడి, అదీ సరిగా చేయలేదనిపించుకున్న మనిషి. వృత్తి జీవితం అంటే ఇదీ అని నాకు లోపల ఒక రకమైన సంతోషం కలిగింది. నేను కాలేజీలో నాటకాలాడి రెండో బహుమతి తెచ్చుకున్నవాణ్ణి. రెండో బహుమతివాళ్ళకి ఇలాంటివి వింటే ఆరోగ్యం బాగుపడుతుంది.

"ఒకే ఒక్క కోరిక మిగిలింది. స్టేజి మీద ఒక పేజీ డైలాగు, పూర్తి వాక్యాలు, ఒక్క తప్పు లేకుండా చెప్పాలి. ఏ భాషైనా సరే" అన్నాడాయన.

ఏ భాషైనా సరే అన్నాడు కదా. పాపం, ఆయనకి మా సంఘం సంగతి తెలియదు.

మా ఊళ్ళో తెలుగువాళ్ళకి ఒక సాంస్కృతిక సంఘం ఉంది. ఆ సంఘానికి ఒక ప్రెసిడెంటు గారు ఉన్నారు. మొత్తంమీద చూస్తే ప్రెసిడెంటు గారికే ఒక సంఘం ఉంది అనడం సబబు. ఆ ఏడాది వార్షికోత్సవానికి ఆయన ఒక నాటకం రాశారు, దర్శకత్వం కూడా పుచ్చుకున్నారు. స్వాతంత్ర్య పోరాటం కథ. అడవి మీద పన్ను వేసిన తెల్ల కలెక్టరుని ఒక పల్లెటూరి వీరవనిత ఎదిరిస్తుంది. ఆమె ఉపన్యాసం విని కలెక్టరు మనసు మారిపోతుంది. ఒక పేజీ పశ్చాత్తాపపడి ఓడ ఎక్కుతాడు. వీరవనిత ప్రెసిడెంటు గారి కూతురు, కాలేజీ రెండో సంవత్సరం. మనసు మార్చగల శక్తి ఆ కుటుంబంలో ఇంకెవరికీ లేదని ఆయన నమ్మకం.

కలెక్టరు దొరకలేదు. అంతకు ముందు నాటకాల్లో మాలో కాస్త తెల్లగా ఉన్నవాడికి పౌడరు కొట్టి దొరని చేసేవాళ్ళం. ఈసారి ఆ తెల్లగా ఉన్నవాడు టెక్సాస్‌కి మారిపోయాడు. నేను నోరు జారి మా పక్కింటాయన గురించి చెప్పాను.

"బ్రదర్! ఒరిజినల్ దొరా? పట్టుకురావయ్యా!" అన్నారు ప్రెసిడెంటు గారు.

"ఆయన ఇంగ్లీషువాడు కాదండీ, చెక్."

"తెలుపే కదా?"

కాదనడానికి ఏమీ కనిపించలేదు. ఆ శనివారం తీసుకెళ్ళాను. ప్రెసిడెంటు గారు చేయి కలిపి, కథంతా ఇంగ్లీషులో చెప్పి, వేషం వేస్తారా అని అడిగారు. ఆయన మొహం వెలిగిపోయింది. తల గట్టిగా ఊపుతూ "నో, నో, నో!" అన్నాడు.

ప్రెసిడెంటు గారు నావైపు తిరిగారు. "ఏంటి బ్రదర్, మొహం మీదే వద్దంటున్నాడు? పిలిచి అవమానం చేయిస్తావా?"

వాళ్ళ భాషలో 'నో' అంటే మనం 'ఆఁ' అన్నట్టుట. అవును, సరే, కానివ్వండి. ఇంగ్లీషు ఎంత నేర్చుకున్నా ఉత్సాహం వస్తే ఆయన నోట ఆ సొంత 'నో'యే వచ్చేది. ఈ సంగతి విప్పి చెప్పడానికి నాకు పది నిమిషాలు పట్టింది. ఆ తర్వాత మావాళ్ళందరికీ అలవాటైపోయింది. టీ తాగుతారా అంటే ఆయన నో అనేవాడు, కప్పు చేతిలో పెట్టేవాళ్ళం.

తెలుగు నేర్పే పని నాకు పడింది. ఇద్దరం వారానికి నాలుగు సాయంత్రాలు వాళ్ళ వంటింట్లో కూర్చున్నాం. నా అంచనా ప్రకారం ఆయన 'ట'లూ 'డ'లూ తప్ప పలకలేడు. మొదటి రోజే 'తల్లి' అన్నాడు. మా తాతగారు అన్నట్టే అన్నాడు. వాళ్ళ భాషలోనూ త, ద మనలాగే పళ్ళకి ఆనించి పలుకుతారట. పైగా హ్రస్వం, దీర్ఘం తేడా వాళ్ళకీ ప్రాణమట. దీర్ఘమైతే అచ్చు మీద చిన్న గీత గీస్తారు, 'చ' కావాలంటే 'సి' అక్షరం నెత్తిన కొక్కెం పెడతారు. నేను చెబుతుంటే ఆయన ఆ గీతలతో, కొక్కేలతో పేజీ అంతా రాసుకున్నాడు. తర్వాత చదివి వినిపించాడు. ఒక్క దీర్ఘం జారలేదు. నేనే రెండుచోట్ల ఆయన కాగితం చూసి దిద్దుకున్నాను. మా ఆవిడ ఒకరోజు నన్ను పిలవడానికి వచ్చి గుమ్మంలోనే ఆగిపోయింది.

"లోపల ఎవరండీ, రేడియో పెట్టారా?"

"దొరగారు."

"ఊరుకోండి" అంది. మళ్ళీ విని, "మీరు కూడా ఆయన దగ్గర ట్యూషన్ పెట్టించుకోండి" అంది.

వీరవనితది వేరే కథ. ఆ అమ్మాయి డైలాగులు ఇంగ్లీషు అక్షరాల్లో ఫోనులో రాసుకుంది. ఇంగ్లీషు అక్షరాలకి కొక్కేలూ లేవు, గీతలూ లేవు. నాటకంలో ముఖ్యమైన మాట "ఈ నేల మాది!" అన్నది. రిహార్సల్లో ఆ అమ్మాయి కళ్ళెర్రజేసి, పిడికిలి బిగించి, ఆకాశం దద్దరిల్లేలా "ఈ నెల మాడి!" అంది.

నేను ఊరుకోలేకపోయాను. "అమ్మా, నెల అంటే మంత్. నేల, నే... ల. ల్యాండ్."

"ఐ నో, అంకుల్. అదే చెప్పాను కడా. నెల."

"ఈ నెల మీదైతే వచ్చే నెల ఎవరిదమ్మా?"

ప్రెసిడెంటు గారు కల్పించుకున్నారు. "బ్రదర్, ఎమోషన్ చూడు, అక్షరాలు కాదు. ఇక్కడ పుట్టిన పిల్లలు తెలుగు మాట్లాడటమే గొప్ప."

అప్పుడు కలెక్టరు వంతు వచ్చింది. ఆయన రెండడుగులు ముందుకు వేసి, చేతులు వెనక్కి కట్టుకుని, గొంతు పెంచకుండా మొదలుపెట్టాడు. "ఈ నేల మీది. ఈ అడవి మీది. నేను అడగకుండా వచ్చిన అతిథిని. ఇంటివాళ్ళని వాకిట్లో నిలబెట్టి లోపల కూర్చున్నవాణ్ణి." అందరూ ఫోన్లలోంచి తలలెత్తారు. సమోసాలు పంచుతున్న ఆవిడ ట్రే పట్టుకుని అక్కడే నిలబడిపోయింది.

"కట్, కట్!" అన్నారు ప్రెసిడెంటు గారు, కెమెరా లేకపోయినా. "ఏంటిది? దొర ఇలా మాట్లాడతాడా?"

"బాగా చెప్పాడు కదండీ" అన్నాను.

"అదే ప్రాబ్లం! దొర అంటే ఎలా ఉండాలి? 'ఈ నేల్ మీడి. ఈ అడ్‌వీ మీడి. నేను అటిఠి.' అలా ఉండాలి. లేకపోతే జనానికి దొర అని ఎలా తెలుస్తుంది?"

"ఎదురుగా తెల్లగా ఆరడుగుల మనిషి, టోపీతో సహా కనిపిస్తున్నాడు కదండీ."

"నీకు ఆడియన్స్ పల్స్ తెలియదు బ్రదర్" అన్నారాయన. తర్వాత నన్ను పక్కకి తీసుకెళ్ళి గొంతు తగ్గించారు. "చూడు, మా అమ్మాయి అలా, ఆయన ఇలా మాట్లాడితే... ఎవరు దొరో, ఎవరు మనవాళ్ళో కన్‌ఫ్యూజన్ అవుతుంది కదా?"

అసలు కారణం అదన్నమాట. నటుల జీవితం గురించి నాకున్న కొద్దిపాటి చులకనంతా ఆ క్షణంలో మా ప్రెసిడెంటు గారి ఖాతాకి బదిలీ అయింది. అయినా నేను అన్నది, "మీరన్నదీ నిజమేలెండి." నాలో ఉన్న రెండో బహుమతి స్వభావం అది.

దొరగారికి విషయం చెప్పే పనీ నాదే. కారులో చెప్పాను.

"విరగ్గొట్టాలా?"

"కొంచెం. మా దగ్గర అదొక సంప్రదాయం."

"మా దగ్గర కూడా" అన్నాడు. "నేర్చుకున్నాక విరగ్గొట్టడం కష్టం. ముందే చెబితే నేర్చుకునేవాణ్ణి కాదు" అన్నాడు. ఆ ఇంగ్లీషు వాక్యంలో మాత్రం ఒక్క తప్పు లేదు.

ఆ తర్వాతి రిహార్సళ్ళలో చెప్పినట్టే చేశాడు. నేలని నేల్ చేశాడు, అతిథిని అటిఠి చేశాడు. ముప్ఫై ఏళ్ళ అనుభవం ఊరికే పోదు. నేను విన్నవాటిలో అత్యంత దరిద్రమైన తెలుగు అది. ప్రెసిడెంటు గారు పడీపడీ నవ్వారు. "ఇదీ నటన అంటే! చూశావా బ్రదర్, మోల్డ్ చేసుకోవాలి ఆర్టిస్టుని!" అన్నారు. ఆఖరి రిహార్సలు అయ్యాక ఆయన భుజం మీద చేయి వేసి ఇంగ్లీషులో అడిగారు, "రేపు స్టేజి మీద అచ్చం ఇలాగే చెబుతారుగా?"

"నో" అన్నాడాయన, చిన్నగా నవ్వి.

"వెరీ గుడ్" అన్నారు ప్రెసిడెంటు గారు.

వార్షికోత్సవం ఒక హైస్కూలు ఆడిటోరియంలో. మధ్యాహ్నం రెండింటికి మొదలవ్వాలి, మూడున్నరకి అయింది. మా లెక్కలో అది సమయపాలన. ముఖ్య అతిథిగా హైదరాబాదు నుంచి ఒక పాతకాలపు సినిమా నిర్మాతని రప్పించారు. నల్లకళ్ళద్దాలు పెట్టుకుని ముందు వరసలో కూర్చున్నాడు. నాటకానికి ముందూ మధ్యలోనూ వ్యాఖ్యానం చదవడం, ఎవరైనా మరిచిపోతే అందించడం నా పని. అందుకని మైకు, స్క్రిప్టు పట్టుకుని తెర పక్కన నిలబడ్డాను. ముందు వరసలవాళ్ళకి నేను సగం కనిపిస్తానని నాకు తెలుసు. ఆ సగం బాగుండాలని కొత్త కుర్తా వేసుకున్నాను.

వీరవనిత వచ్చింది. పిడికిలి బిగించింది. "ఈ నెల మాడి!" అంది. వెనక వరసల్లో ఒక పెద్దావిడ "ఏ నెలమ్మా?" అని పక్కావిడని అడగడం నాకు స్పష్టంగా వినిపించింది.

దొర రెండడుగులు ముందుకు వేశాడు. చేతులు వెనక్కి కట్టుకున్నాడు.

"ఈ నేల మీది" అన్నాడు.

నేల. మొదటి రోజు వంటింట్లో అన్న నేల. నేను స్క్రిప్టులోంచి తలెత్తాను. ఆయన నావైపు చూడలేదు. "ఈ అడవి మీది. నేను అడగకుండా వచ్చిన అతిథిని." ఎదుటి తెర పక్కన ప్రెసిడెంటు గారు 'మీడి, మీడి' అని చేతులతో సైగ చేస్తున్నారు. దొర ఆ వైపూ చూడలేదు. పేజీ మొత్తం చెప్పాడు, తొందరపడకుండా, ఎక్కడ ఆగాలో అక్కడ ఆగుతూ. నాకు ఆ పేజీ నిద్రలో లేపినా వస్తుంది కాబట్టి నా పెదవులు ఆయనతోపాటు కదులుతున్నాయి. ఆ సంగతి నేను గమనించలేదు. గమనించవలసినవాళ్ళు గమనించారు.

ఆఖరి వాక్యం అయ్యాక చప్పట్లు మొదలయ్యాయి, ఆగలేదు. ఏ నెల అని అడిగిన పెద్దావిడ కళ్ళొత్తుకుంటోంది. ఆయన టోపీ తీసి వంగాడు. ఎవరూ కాల్చకుండా ఆయన వంగడం బహుశా అదే మొదటిసారి.

తర్వాత ముఖ్య అతిథి గారు మైకు తీసుకున్నారు. "నలభై ఏళ్ళుగా ఇండస్ట్రీలో ఉన్నాను. ఎంతోమంది ఉత్తరాది హీరోయిన్లకి డబ్బింగ్ చెప్పించాను. కాని ఈరోజు చూసిన లిప్‌సింక్ నా సర్వీసులో చూడలేదు. ఆ దొరగారు పెదాలు ఎంత చక్కగా ఆడించారు! ఇక తెర వెనక నుంచి ఆయనకి గాత్రదానం చేసిన తమ్ముడు... ఏడీ, ఇందాక కనిపించాడే, మైకుతో? రండి, రండి!"

హాలంతా నావైపు తిరిగింది. ప్రెసిడెంటు గారికి నిజం తెలుసు. రెండు నెలలు రిహార్సలు చేయించిన మనిషికి తెలియకుండా ఎలా ఉంటుంది? ఆయన మొహంలో ముందు ఆశ్చర్యం, తర్వాత ఆలోచన, ఆపైన గొప్ప ఉపశమనం కనిపించాయి. నా వీపు మీద చేయి వేసి తోశారు.

"వెళ్ళు బ్రదర్, వెళ్ళు. అన్నివిధాలా మంచిది. తెల్లవాడి ముందు మా అమ్మాయి తెలుగు తేలిపోయిందన్న మాటా రాదు."

"కాని ఆయనే కదండీ చెప్పింది..."

"పెద్దాయన పిలుస్తుంటే ఆర్గ్యుమెంటేంటి? అక్కడ కరెక్ట్ చేస్తే ఆయనకెంత ఇన్సల్టు!"

తెర పక్క నుంచి మైకు దాకా ఎనిమిది అడుగులుంటాయి. ఆ ఎనిమిది అడుగుల్లో నిజం చెప్పడానికి కావలసినంత సమయం ఉంది. అవసరమైన వాక్యం కూడా చిన్నదే: చెప్పింది ఆయనే. నేను ఆ సమయాన్ని కుర్తా సర్దుకోవడానికి వాడుకున్నాను. నాకు శాలువా కప్పారు. సంఘంవాళ్ళు ముందుజాగ్రత్తగా తెప్పించి పెట్టుకున్న షీల్డుల్లో ఒకటి ఇచ్చారు. పేరు రాయవలసిన చోట ఖాళీగా ఉంది. దొరగారు పక్కనే నిలబడి అందరితోపాటు చప్పట్లు కొట్టాడు. ఆయనకి తెలుగులో ఒక పేజీయే వచ్చు, ఇదంతా ఆ పేజీలో లేదు కదా అని నేను ధైర్యంగానే ఉన్నాను.

ఇంటికి వస్తుంటే కారులో మా ఆవిడ ముందు సీట్లో, దొరగారు వెనక సీట్లో కూర్చున్నారు. బిల్డింగు దగ్గర దిగుతూ మా ఆవిడ నా శాలువా వైపు చూసి, "బరువుగా ఉందా?" అంది. మెయిల్ తీసుకొస్తానని అక్కడే ఆగిపోయింది. లిఫ్టులో నేనూ ఆయనే మిగిలాం.

ఏదో ఒకటి అనాలి కాబట్టి, "మీరు మాట తప్పారు. రిహార్సల్లోలా చెబుతానని ఒప్పుకున్నారు కదా" అన్నాను.

"ఎప్పుడు?"

"నిన్న. ఆయన అడిగితే నో అన్నారుగా."

"అవును, నో అన్నాను. ఇంగ్లీషులో" అన్నాడు.

లిఫ్టు నాలుగో అంతస్తు దాటింది. నేను నవ్వబోయి, నవ్వే అర్హత ఉందో లేదో తేలక ఆగాను.

"ఆ నల్లకళ్ళద్దాలాయన డబ్బింగ్ అన్నాడు. మా భాషలో కూడా అదే మాట. దబింగ్" అన్నాడాయన.

నేను లిఫ్టు బటన్ల వైపు చూశాను. క్షమాపణ లాంటిది ఒకటి ఇంగ్లీషులో తయారుచేసుకుంటున్నాను. ఆఫీసులో పొరపాటు జరిగితే పంపే మెయిల్ లాంటిది, ఎవరిది తప్పో తేలకుండా రాసేది.

ఆయనకి దాని అవసరం రాలేదు. "తెలుగువాడు చెప్పాడని అనుకున్నారా?" అని అడిగాడు.

"అవును."

"అందరూనా?"

"అందరూ."

"అయితే ఒక్క తప్పు కూడా లేదన్నమాట" అన్నాడు.

మా అంతస్తు వచ్చింది. తలుపు తెరుచుకుంది. ఆయన నా వైపు తిరిగి, కాగితాలు చూపించమని అడిగే ఆఫీసరులా నన్ను పైనుంచి కిందికి చూశాడు. తర్వాత నా భుజాల మీది శాలువా జాగ్రత్తగా తీసి, అంచులు చూసుకుని, తన భుజాల మీద వేసుకున్నాడు. "ఈ శాలువా నాది" అన్నాడు, తెలుగులో. ఆ వాక్యం నేను నేర్పలేదు. స్టేజి మీద విన్న మాటలతో తనే కట్టుకున్నాడు.

దీర్ఘాలు సరిగ్గానే ఉన్నాయి. తన తలుపు తెరుచుకుని, తన్నకుండానే, లోపలికి వెళ్ళిపోయాడు.

షీల్డు మాత్రం నాకు వదిలేశాడు. ఇప్పటికీ మా టీవీ పక్కన ఉంది. పేరు రాయించలేదు. ఇంటికొచ్చినవాళ్ళు ఇది ఎవరికి వచ్చిందండీ అని అడిగితే, మా ఆవిడ టీ కప్పులు అందిస్తూ నాకంటే ముందే జవాబు చెబుతుంది.

"పక్కింటాయనకి."

నేను నో అంటాను, తల ఊపుతూ.